చేతుల దిక్కు

వెయ్యి బీడీలు తెచ్చి బల్ల మీద పెడ్తే
మునీమ్ వహీద్ సాబ్
అందరి కట్టలు పైపైన చూస్తడు,
నాయి మాత్రం దారం విప్పి చూస్తడు.
ఒక్కటి వంకరున్నా గంప కట్ట ఛాట్ కిందికే.
"చేతులు ఆగినయా గంగజలా?" అంటడు.
నవ్వుకుంటనే అంటడు.
లైన్ల ఉన్న ఆడోళ్లందరు నా చేతుల దిక్కు చూస్తరు.
గప్పుడే వణుకుతయి.
ఇంట్ల తునికాకు కత్తిరిచ్చేటప్పుడు వణకలే,
జర్ద నింపేటప్పుడు వణకలే.

డిపో సీసా పదిహేనేండ్లు తాగిన.
నడుము నొస్తె తాగిన, నిద్ర రాకుంటె తాగిన,
ఆకు నానలేదని తాగిన, నానిందని సుత తాగిన.
అది చెట్టు మీది కల్లు కాదని
నాలికకు ఎప్పుడో ఎరుక.
నేనే ఆలిశంగ ఒప్పుకున్న.

నిజామాబాద్ దవఖానల
మంచానికి చున్నీతోని కట్టేసిన్రు.
మెడ ఓ దిక్కు గుంజుకపోయింది.
సచ్చిపోయిన మా అత్త కిటికీలకెల్లి వచ్చి
కట్టలు లెక్క తక్కువున్నయని కొట్లాడింది.
పదకొండో నాడు
చారుల ఉప్పెక్కువైందని తెలిసింది.
ఏడ్చిన.
ఉప్పు తెలిసినందుకు.

మెట్‌పల్లికి మర్లొచ్చి ఏడు నెలలు.
తోటికోడలు ఇప్పటికీ
వాసన చూసినంకనే మాట్లాడ్తది.
జరమొచ్చి పండుకుంటె
"మళ్ల మొదలువెట్టింది" అంటది వాడకట్టు.
మా మరిది తాగితే, పాపం, అలిసిపోయి తాగిండు.
నేను తాగితే కొంప ముంచినదాన్ని.
మానినంక సుత పేరు పోలే:
అప్పుడు తాగుబోతుది,
ఇప్పుడు మానిన తాగుబోతుది.

గని నేను చుట్టే బీడీలకు
ఎవలు ఏ పేరూ పెట్టరు.
అవి ఎవల రొమ్ములకు పోతయో
నేనూ అడగలే.
కూలి వస్తది గదా.

మొన్న రాత్రి కరెంటు పోయిన యాళ్ల
భూలక్ష్మి తలుపు కొట్టింది.
పగటీలి నల్లా కాడ
నా బిందె పక్కన బిందె పెట్టని భూలక్ష్మి.
కొంగు నోటికి అడ్డం పెట్టుకొని
"మా నవదీప్‌గాడు... కాలేజీల... గోలీలట...
ఆ వార్డు ఏ అంతస్తుల ఉంటది?
ఎవలకు చెప్పకు అక్కా" అన్నది.

అక్కా అన్నది.
నోటి దాంక చాన మాటలొచ్చినయి, మంచియి కావు.
మింగిన.
మూడో అంతస్తు అన్న.
కట్టేస్తరు, బుగులు పడకు అన్న.
మెత్తటి చున్నీ తీస్కపో, ఆళ్లది కోస్తది అన్న.

ఇయ్యాల నల్లా కాడ
ఆమె బిందె దూరంగనే పెట్టింది.
నెత్తికెత్తుకుంటుంటె నీళ్లు తొనికినయి,
చేతులు వణుకుతున్నయి.
లైన్ల ఎవలో అటు తిరిగి చూసిన్రు.

నేను నల్లా దిక్కు చూసిన.