పలక అడ్డం

మార్కాపురంలో కేబులు ఆఫీసంటే
సైకిల్ షాపు పైన రేకుల గది.
రెండు వీసీఆర్లు, ఒక ఫ్యాను, నేను.
నెలకి ఆరొందలు.

సభ్యతా సంఘం వాళ్లొచ్చిన రోజు
మా ఓనరు అందరికీ గోలీసోడా కొట్టించాడు.
నూట నలభై సంతకాలు, పదకొండు వేలిముద్రలు.
రిటైరైన లెక్కల మాస్టారు అనంతరామయ్యగారు
"నువ్వు నా దగ్గర చదివినవాడివేగా" అన్నారు.
ఎక్కం తప్పినట్టు నిలబడ్డాను.

అప్పట్నించీ కెమెరా ముందు పలక.
మా ఊరి పలకే, చెక్క చట్రంది.
'అంతరాయానికి చింతిస్తున్నాము'
సుద్దముక్కతో నేనే రాశాను.
చింతలో సున్నా మర్చిపోతే చితి అయింది.
మాస్టారు మెట్లెక్కొచ్చి దిద్దిపోయారు.

హీరో ఒక అడుగు ముందుకేస్తే
నా బొటనవేలు మీట మీద.
రెండో అడుక్కి ఊరంతా పలక.
పిల్లలు పైకి లెక్కపెట్టేవాళ్లు,
పదిలోపు పోతే ముద్దు,
ముప్పై దాటితే ఇంకేదో.
ఒక వానపాటకి నూట పది దాకా వెళ్లారు.
బడి ఎగ్గొట్టేవాళ్లకీ అంకెలొచ్చాయి,
మాస్టారి పుణ్యమే.

పలకల షెడ్డులో చట్రాలు బిగించే కాశింబీ
నెలనెలా అరవై రూపాయలు చేతిలో పెడుతూ
"ఏందబ్బయా, రాత్రి ఆ పలకెనక ఏం జరిగింది?" అనేది.
చెప్పేవాణ్ణి.
"అంతేనా!" నోరంతా తెరిచి నవ్వేది,
"నేనింకా పెద్దదేమో అనుకుంటిని."

తర్వాత సబ్బు ప్రకటన.
తర్వాత ఎయిడ్స్ డాక్టరు మాట్లాడిన పావుగంట.
ఒకసారి ఆవు ఈనుతుంటే కూడా.
ఎవరూ చెప్పకుండానే
బొటనవేలికి తెలిసిపోయేది.

శ్రావణం వానలకి గని గోడ జారింది.
లోకల్ న్యూస్ కుర్రాడు తడిసి క్యాసెట్టు తెచ్చాడు.
రాతిపొరల కింద ఒక చెప్పు,
టిఫిన్ క్యారేజీ మూత,
పేర్ల కాగితం పట్టుకున్న ఎవరిదో చెయ్యి.
ఏడుంబావుకి ఫోను.
సంఘానికి కుర్చీలు కొనిచ్చింది గనివాళ్లే.
"ఇళ్లల్లో ఆడోళ్లు, పిల్లలు చూస్తుంటారు,
అయ్యా చూపించేవి?"
ఓనరు నా వైపు తిరిగేసరికే
వేలు దిగింది.

గనిలోంచి వచ్చిన రాయే
గని మీద అడ్డం.
తేమకి ఆ సున్నా మళ్లీ చెరిగిపోయింది,
దిద్దడానికెవరూ మెట్లెక్కలేదు.
ఆ రాత్రి పిల్లలు ఎంతదాకా లెక్కపెట్టారో తెలీదు.

తెల్లారి కాశింబీ వచ్చింది.
డబ్బుల రోజు కాదు.
చేతులకి బూడిదరంగు పొడి అట్టానే ఉంది.
"నిన్న పనికి పోయినోడు రాలా.
తలా ఒకటి చెబుతుండారు.
ఆ పలకెనక ఏముందిరా అబ్బయా?"

క్యాసెట్టు వెనక్కి తిప్పాను.
గిర్రున చప్పుడు.
ఆమె కింద కూలబడి టీవీకేసి చూస్తోంది.
నేనింకా తిప్పుతూనే ఉన్నాను.