ఆటు వేళ

కాంకాల్‌లో ప్రతి వంటింటి గోడకీ
ఆటుపోట్ల పుస్తకం ఒకటి మేకుకి వేలాడుతుంది,
సముద్రం ఎన్నింటికి వెనక్కి పోతుందో, ఎన్నింటికి వస్తుందో.
మా అక్క గ్వెనోలా దాని అంచుల్లో
పెన్సిల్‌తో నన్ను రాసేది.

"మార్చి పదకొండు. మాలో నిద్ర రెండు గంటలు.
మాట మీద మాట. రాత్రికి రాత్రే పడవకి పసుపు రంగు."
"మార్చి పదిహేను. వాడిది కాని పడవకి కూడా."

ఆ పోటులో
ఆల్చిప్పల సంచులు తిప్పే కొక్కెం నా చేతిలో రాజదండం.
మేయరుకి రోజూ ఉత్తరం.
నిద్రపోయేవాళ్లంతా నాకు బాకీపడ్డట్టు కోపం.

రెన్‌లో మొదటి డాక్టరు బైపోలార్ అన్నాడు.
మనసు పొంగితే నురగ, పొంగు చల్లారితే నురగా పోతుంది,
ఆ గొంతు కూడా నురగే అన్నాడు.
నమ్మాం. నమ్మడానికి బాగుంది.

గొంతు సంగతి చెప్పలేదు కదూ.
షెడ్డు వెనక ఓ మనిషి. పేరు లేదు.
తిట్టడం తక్కువే. లెక్క అప్పజెప్తాడు:
"ఎడమ బూటు తొడిగాడు. ఇప్పుడు కుడిది.
ఇప్పుడు విననట్టు నటిస్తున్నాడు."

రెండో డాక్టరు ఆ గొంతు ఒక్కటే విన్నాడు.
స్కిజోఫ్రీనియా అని రాసి కాగితం మడిచాడు.
నేను నెలన్నర మంచం దిగని చలికాలం,
స్నానం కూడా కొండెక్కినంత పనైన రోజులు
ఆ మడతలోకి పోయాయి.

మూడో ఆవిడ సోలెన్ కెర్‌వెల్లా.
బూట్లకి ఎప్పుడూ బురదే, అది చూసి నాకు కాస్త ధైర్యం.
నన్ను కాదు, అక్కని అడిగింది:
"ఆ పుస్తకాలు తెస్తారా?"

మూడేళ్ల నీళ్లు బల్ల మీద పరిచి
వేలితో వెనక్కి వెనక్కి నడిచి
ఓ అక్టోబరు దగ్గర ఆగింది.
"బాగా తింటున్నాడు. ఏడు గంటల నిద్ర.
ఎగరట్లేదు, మునగట్లేదు.
షెడ్డు వైపు తల తిప్పి ఆగిపోతున్నాడు."
మర్నాడూ అదే. ఆ మర్నాడూ.
రెండు వారాలు దాటిందా అని లెక్కపెట్టింది.
పందొమ్మిది రోజులు.

"నీళ్లు పూర్తిగా వెనక్కి పోయినా
పొగమంచు అక్కడే ఉందన్నమాట" అన్నాను.
"పోటూ ఉంది, మంచూ ఉంది.
ఒకదాని బిడ్డ కాదు ఇంకోటి.
ఈ మూడేళ్లలో ఎక్కువ పేజీలు నీళ్లవే, అదీ కొట్టేయలేం.
ఒకే కప్పు కింద కాపురం ఉంటున్నాయి.
దీన్ని స్కిజోఅఫెక్టివ్ డిజార్డర్ అంటాం.
ఇంకో మూడేళ్ల పుస్తకాలొస్తే
మాట మార్చుకోవలసి రావచ్చు" అంది.

తిరుగు బస్సులో అక్క ఏడ్చింది.
పేరు దొరికినందుకా, అంత పొడుగ్గా ఉన్నందుకా, అడగలేదు.
నాకైతే ఆకలేసింది.

పేరు పెట్టగానే గొంతు ఊరుకోలేదు.
రెండు రకాల మాత్రలు, ఒకటి నీళ్లకి, ఒకటి మంచుకి
అని నేను చెప్పుకుంటాను, అంత తేలిక కాదంటుంది ఆవిడ.
చేతులు వణుకుతాయి. పొట్ట పెరిగింది.
పసుపు పడవ ముసలాయన లె గెన్ మాత్రం
ఇప్పటికీ రంగు మార్చలేదు.
"మంచులో బాగా కనిపిస్తోందిరా" అన్నాడు.

ఇవాళ మధ్యాహ్నం మూడూ పదికి ఆటు.
ట్రాక్టర్లు వరసగా బురదలోకి దిగుతున్నాయి.
పుస్తకం అంచున ఈసారి నేనే రాశాను:
"నిద్ర ఆరున్నర. మనసు మోకాలి లోతు.
అతను మాట్లాడుతున్నాడు."

ఎడమ బూటు తొడిగాడు, అన్నాడు.
అవును, అన్నాను.
కుడిది అక్క కుర్చీ కింద దొరికింది.