ఏడో పలక

హన్మకొండ, నయీంనగర్ల మూడో అంతస్తు.
పొద్దుగాల్నుంచి మోకాళ్ల మీదనే ఉన్న.
టేకు రంగు, టేకు గీతలు,
గోరుతోని గీకితే టేకు గరుకు గూడ.
వినైల్ అంటరు దీన్ని.
పెట్టె మీద అడివి బొమ్మ,
పెట్టె ఇప్పితే కొత్త చెప్పుల వాసన.

కత్తితోని గీసి ఇరిస్తే
బిస్కెట్ లెక్క ఇరుగుతది.
రంపం లేదు, పొట్టు లేదు,
ఇంటికి పోయినంక దులుపుకోనీకి
అంగి మీద ఏం లేదు.

"మామా, ఈ కన్ను మళ్ల వచ్చింది" అన్నడు ఐలేశు.
చూస్తే నిజమే.
ప్రతి ఏడో పలకల అదే కన్ను,
దాని పక్కన అదే సన్న పగులు.
మా నాయినుంటే నవ్వెటోడు.
కట్టెల కన్నుందంటే
ఆడ ఒకనాడు కొమ్మున్నట్టు.
ఒక్క కొమ్మ ఎన్నిసార్లు ఇరుగుతది?

ఇంటామె చాయ్ ఇచ్చుకుంట అడిగింది:
"నిజం చెప్పన్నా, కట్టెకూ దీనికీ
కాలి కింద తేడా తెలుస్తదా?"

వానకు ఉబ్బదన్న. చెద పట్టదన్న.
కుర్చీ గుంజితే గీత పడదన్న.
అన్నీ నిజాలే,
ఆమె అడిగింది తప్ప.

షుగరొచ్చి ఆరేండ్లాయె.
బొటనవేలు కాన్నుంచి మొద్దుబారుకుంట
మడిమె దాక వచ్చింది.
మొన్న మేకు దిగితే
నెత్తురు చూసినంకనే ఎరుకైంది.
నా కాలికి కట్టె ఒకటే, రబ్బరొకటే,
ఎండాకాలం డాంబరు రోడ్డొకటే.

ఆమె బిడ్డ చెప్పులిడిచి
పరిచిన సగం మీద ఉరికింది.
నేను చెవి ఆనిచ్చి పండుకున్న.
టప్ టప్ టప్.
పడ్డకాడనే సచ్చిపోతుంది అడుగు.

పరకాల దిక్కు ఒక గడిల, మేడ మీద
నాయినతోని కట్టె పరిచిన.
ఆ మూలకు పిల్లి నడిస్తే
ఈ మూలకు నా మోకాళ్లకు తెలిసేది.
వానాకాలం రాత్రి
ఎవ్వరు నడవకున్నా గొణిగేది.

"ఇది కట్టెనా?" అన్నది పిల్ల.
"కట్టె ఫోటో, బిడ్డా."
వంగి చూసింది,
ఫోటోల ఎవరున్నరో అన్నట్టు.

ఇంక సగం మిగిలింది.
కన్నున్న పలకలన్ని ఏరి
మంచం కిందికి, బీరువ కిందికి పోనియ్యమన్న ఐలేశును.
ఒక్కటి మాత్రం
తలుపుకాడ నేనే పెట్టిన.