నాలుగక్షరాల పేరు

స్టోర్ రూమ్ సర్దుతుంటే దొరికింది
బదర్ చిన్నప్పటి జపాన్ ఆట.
మూత పగిలి, మీటల సందుల్లో బిస్కెట్ పొడి.

వాడికప్పుడు ఏడేళ్లు.
మేడమ్ నిద్రపోయే వేళ
ఇస్త్రీ బల్ల కింద దూరి
నలుగురికీ పేర్లు పెట్టినాడు:
కత్తివీరుడికి తన పేరు,
మంత్రగాడికి పిల్లి పేరు,
దొంగకు డ్రైవర్ మస్తాన్ పేరు,
వెనక వరసలో తెల్లగౌను పిల్లకి
నా పేరు.
ఓబులమ్మ పట్టలేదు.
గడిలో నాలుగే అక్షరాలంట.
"ఓబుల్ చాల్లే" అన్నాడు అరబ్బీలో.

అందరి గాయాలూ మాన్పేది ఆ పిల్లే.
దాని గాయం అదే మాన్పుకోవల్ల.
ఇదేం న్యాయంరా అంటే
"ఆట అంతే, ఓబుల్."

ఇప్పుడు వాడికి గడ్డం, కారు.
ఫోన్లోంచి తలెత్తకుండా "చాయ్" అంటాడు.

జహ్రాలో ఎండ యాభై దాటింది.
బట్టల మిషన్ పక్కన కూర్చోని
స్విచ్చి నొక్కినా.
మంచు కురిసే ఊరు. పూటకూళ్లిల్లు.
పదకొండేళ్లుగా ఆడనే నిలబడి ఉండారు నలుగురూ.
పది కాసులిస్తే పడుకుంటారు,
చిన్న రాగం మోగి తెల్లారుతుంది,
ఒంటిమీద గాటు కూడా మిగలదు.

చదువు రాదు నాకు.
బతాకా కార్డు మీద చూసి చూసి
ఆ నాలుగు గుర్తులు మాత్రం తెలుసు.

ఊరి బయట కోట,
వాడు చంపకుండా వదిలేసిన రాక్షసుడు.
నేను అటు పోలా.
పడుకోబెట్టినా, లేపినా,
మళ్లీ పడుకోబెట్టినా ఓబుల్‌ని.
సంచిలో ఇంకా రెండువేల చిల్లర కాసులు.

పైన బెల్లు మోగింది.
ఉండు,
ఇంకో పది.