రేకులకు రసీదు

కోతపండుగ వేలంలో ఆ రోజు
మామా తురుఫోసా తెచ్చిన ఒక్క కోడిగుడ్డు
యాభైవేల షిల్లింగులు పలికింది.

పాడుకున్నది మెషిమివా.
ఎన్నికల్లో నిలబడ్డవాణ్ణి గెలవకముందే
మా వైపు అలా పిలవాలి, అయ్యా దొరా అన్నట్టు.
గుడ్డును రెండు వేళ్ళతో పైకెత్తి ఫోటో దిగాడు.
తర్వాత ఎక్కడ పెట్టాలో తెలియక
డ్రైవరు చేతిలో పెట్టాడు.

నేను, రెబెకా నాంజాలా, సంఘ కోశాధికారిని.
ఇరవై రెండేళ్ళుగా రసీదులు రాస్తున్నాను.
పేరు, వస్తువు, మొత్తం.
కార్బన్ కాగితం కింద ఒక నకలు.
దేవుడికి వెళ్ళేది ఏదో ఎవరూ చెప్పలేదు.

గుడ్డు తర్వాత రేకులు.
లారీ కిటాలే రోడ్డు మలుపులో ఉండగానే మోత వినపడింది.
నూట నలభై రేకులు,
ఒక్కోదాని మీదా ఎర్ర రంగుతో ఆయన పేరు.
పాస్టర్ మసిబాయి ప్రసంగం సగంలో ఆపి
మైకు ఆయన చేతికిచ్చారు.
పాస్టరుగారిని ఏమీ అనను.
వాన పడితే సంస్కారం బల్ల మీద
గొడుగు పట్టుకు నిలబడేది ఆయన భార్యే.

మెషిమివా బైబిలు తెరిచి పట్టుకున్నాడు, చదవలేదు.
"మన వాళ్ళు" అన్నాడు, పదకొండుసార్లు.
లెక్కపెట్టడం నా జబ్బు.

ఆ మాట నాకు పాతదే.
ఓట్ల లెక్క తేలని ఆ జనవరిలో
"మన వాళ్ళు" కానివాళ్ళు ఈ బల్లల కిందే పడుకున్నారు
పందొమ్మిది రాత్రులు.
అప్పుడూ చేతికందింది రసీదు పుస్తకమే.
పేరు గడిలో పేరు.
వస్తువు గడిలో: దుప్పటి ఒకటి, పిల్లలు ముగ్గురు.
మొత్తం గడిలో ఏం రాయాలో తోచక
గీత గీశాను.

గేటు బయట కొడవళ్ళు పట్టుకున్న కుర్రాళ్ళలో
సగం మంది మా సండే స్కూలు పిల్లలే.
వాళ్ళకి కంఠత వాక్యాలు నేర్పింది నేనే.
అప్పటి పాస్టరుగారు తెల్ల అంగీ తొడుక్కుని
గేటుకు అడ్డంగా కుర్చీ వేసుకు కూర్చున్నారు
తెల్లారేదాకా, దగ్గుతూ.
బిషప్ గారి దగ్గర నుంచి ఉత్తరం వచ్చింది:
ఇరుపక్షములవారును ప్రార్థనయందుండవలెను.
కుర్చీ వేసుకున్నదీ సంఘమే, ఉత్తరం రాసిందీ సంఘమే.

ఆ కుర్రాళ్ళకు సాయంత్రాలు సారా ఎవరు పంపారో
ఊరందరికీ తెలుసు.
ఏ కోర్టుకీ తెలియదు.

"రసీదు ఎవరి పేర రాయమంటారు?" అన్నాను.
నవ్వాడు. "రేకుల మీద ఉందిగా, అమ్మా."
రాశాను.
నా చెయ్యి వణకలేదు. ఒప్పుకోవాల్సింది అదే.

శనివారం సంఘపెద్దల కూటం.
తిప్పి పంపుదామా అని ఎవరూ అనలేదు,
కొండ వెనక మబ్బు లేస్తోంది.
పేరు ఏ వైపు ఉండాలన్నదే తగువు.
లోపలికి పెడితే, ప్రార్థనలో కళ్ళెత్తిన ప్రతిసారీ
ఆయన పేరే చదవాలి.
పైకి పెడితే, కొండ మీంచి దిగే ప్రతి బస్సూ చదువుతుంది.
మూడు గంటలు. రెండుసార్లు టీ.
మామా తురుఫోసాకి చెవుడు.
అంతా అయ్యాక, ఏమిటి సంగతి అంది.
చెవి దగ్గర అరిచి చెప్పారు.
"అది సరే, నా గుడ్డు ఏం చేశాడు?"

ఎవరికీ తెలియదు.

పేరు పైకే పెట్టారు.
మెషిమివా గెలిచాడు, మళ్ళీ రాలేదు.
ఇప్పుడు వాన లోపలికి రాదు.
మోతకి ప్రసంగం మాత్రం ఒక్క ముక్క వినపడదు.
పాస్టరుగారి పెదవులు కదులుతాయి,
ఆమేన్ ఎప్పుడనాలో ముందు వరస చూసి అంటాం.

నేను మూడో బల్ల దగ్గర కూర్చుంటాను.
దాని అడుగున, ఆ రాత్రుల్లో ఏ పిల్లో
మేకుతో చెక్కిన చేప ఉంది, తోక సగమే.
వాన గట్టిగా పడుతున్నప్పుడు
చెయ్యి కిందికి పోనిచ్చి
ఆ సగం తోక తడుముతాను.