కొత్త ఈగలు

జూరా కొండల మీద మంచు పడ్డ పొద్దున
మా షాపు కిటికీలో
అన్‌సెల్మ్‌కి రెండు ఈగలు కనిపిస్తాయి.
ముప్పయ్యేళ్ళ పరిచయం.
చూపు తిప్పితే జారుకుంటాయి, ఆపితే నెమ్మదిగా దిగుతాయి.
కంటిలోపలి జిగురు ముసలిదై పడేసే నీడలు,
ఏమీ అనవు.

నాకూ ఒకటుంది: అంచున రంపపు పళ్ళ వెలుగు,
ఇరవై నిమిషాలు మెరిసి
తలనొప్పికి తాళంచెవులిచ్చి పోతుంది.

కానీ ఆ మంగళవారం
ఆయన ఎడమకంట్లో మసి కురిసింది.
కణత పక్కన ఉరుము లేని మెరుపులు.
"ఈ చక్రం బిగించనీ, రేపు చూపిస్తాలే."
మధ్యాహ్నానికి కిందినుంచి నల్లటి తెర లేచింది.
నొప్పి లేదు. అదే మోసం.

నేను, లుదివీన్‌ని,
ఆరేళ్ళుగా ఆయన ముందు నోరెత్తనిదాన్ని,
చేతిలోంచి పట్టకారు లాక్కున్నాను.
లోయలోకి దిగే రైలుకి పదకొండు నిమిషాలు.

ఇప్పుడు వారంగా బోర్లా పడుకునున్నాడు,
ఊడిన రెటీనాని కంటిగోడకి అదిమిపట్టింది
ఒక గాలిబుడగ.
నేలపలకలు లెక్కపెట్టాడట: పద్నాలుగున్నర.
ఆ గడియారం తెచ్చి చెవి దగ్గర పెట్టాను.
చాలాసేపు విన్నాడు.
"తొందరపడుతోంది.
ఎవరు బిగించారు?"