సీసా మీద నా పేరు

ఒంగోలు కర్నూలు రోడ్డులో
చెప్పుల షాపు పైన మేడ మీద ల్యాబు.
మూత ఉన్న చిన్న సీసా మీద
ఆ పిల్ల నా పేరు రాస్తా ఉంది:
గాదె ఏసోబు, ముప్పైనాలుగు, క్రేన్ ఆపరేటర్, చీమకుర్తి.
"నిండా అక్కర్లేదు, ఈ గీత దాకా చాలు"
తలెత్తకుండానే అంది.

ఈ పొద్దుకి నలభై ఒకటి.
టన్నుల లెక్క తప్పనోణ్ణి,
రోజుల లెక్క తప్పుతానా.

గేటు పాసుకి ఈ రిపోర్టు కావాలన్నారని తెలిసిన దగ్గర్నుంచీ
తలా ఒక అంకె చెప్పారు.
టీ బంకు కాడ లారీ క్లీనరు మూడే రోజులన్నాడు,
నీళ్ళు తాగితే కొట్టుకుపోద్దన్నాడు.
మందుల షాపాయన వారమన్నాడు, మళ్ళీ రెండు వారాలన్నాడు.
మంగలి షాపు తిరుపాలు నా జుట్టు పట్టి చూసి
"ఇందులో మూడు నెలలుంటదంట,
గుండు కొట్టిస్తా, మాలకొండ మొక్కని చెప్పు" అన్నాడు.
ఏసోబుకి మాలకొండ మొక్కేందని
ఇంట్లో మా ఆవిడ కళ్ళలో నీళ్ళొచ్చేదాకా నవ్వింది.
ఆమెకి సగమే తెలుసు.

నిమ్మకాయలు పిండుకున్నా.
వాము కషాయం తాగా.
రాతిపొడి చెమట కారేదాకా గుట్టెక్కి దిగా.

"మా బామ్మర్దికి ఒకడికి..." అని అడిగా ల్యాబు పిల్లని.
బామ్మర్దులు చాలామందినే చూసినట్టుంది.
"ఎప్పుడో ఒకసారైతే మూడు నాలుగు రోజులు సార్.
రోజూ తాగితే నెల, ఒక్కోడికి ఇంకా పైనే.
మత్తు గంటల్లో దిగిపోద్ది.
అది మాత్రం కొవ్వులో దాక్కుంటది,
కొంచెం కొంచెం వదుల్తది."

కొవ్వెక్కిందిరా నీకు అని
మేస్త్రీ అన్నప్పుడల్లా
అది తిట్టేననుకున్నా ఇన్నాళ్ళూ.

ఆ రాత్రి పదింటికి
జనరేటరు షెడ్డు ఎనక.
పదకొండున్నరకి క్యాబిన్ ఎక్కా,
దిగిపోయిందనే అనుకున్నా.
లైట్ల కింద నల్లరాయి,
అందులో బంగారు చుక్కలు,
ఎన్నేళ్ళుగానో చూసేవే, ఆ పూట మరీ దగ్గరికొచ్చినయ్.
కింద కాశింపీరా ఈల ఊదాడు. చెయ్యెత్తాడు.
చూశా.
చూడలేదని ఎవరితోనన్నా చెప్పగలను, నాతో చెప్పుకోలేను.
చూట్టానికీ ఆపటానికీ మధ్య
ఒక్క దమ్ము పీల్చేంత ఎడం.
పద్దెనిమిది టన్నులు జానెడు ఊగింది, అంతే.
ఎడమచేతి రెండు వేళ్ళు.

"చెయ్యి నేనే అడ్డం పెట్టా" అన్నాడు మేస్త్రీతో,
ఆసుపత్రికి పోతా, ఆటోలో, నా తువ్వాలు చుట్టుకుని.
రిజిస్టర్లో తాడు జారిందని రాసుకున్నారు.
నేను ఏమీ రాయలేదు, ఏమీ చెప్పలేదు.
మిగిలిన పొట్లం గుంట నీళ్ళలో పారేశా.

సాయంత్రం కాగితమిచ్చారు.
లేదంట.
నెత్తురులో లేనిది, నీళ్ళలో లేనిది,
ముద్ర కొట్టి మరీ లేదన్నారు.

కాశింపీరా ఇప్పుడు కాటా దగ్గర చీటీలు రాస్తన్నాడు.
గాలికి కాగితం లేస్తా ఉంటే
ఎడమచెయ్యి అదిమి పెడతాడు,
ఏళ్ళు లేని కాడ కాగితం లేస్తానే ఉంటది.
మెడలో ఈల ఇంకా అట్టానే ఉంది.
"ఏమొచ్చిందిరా ఏసోబూ?"
"ఏం లేదంట."
"మంచిదే" అని చీటీ చింపాడు.

టీ తెచ్చా ఇద్దరికీ.
గ్లాసు కుడిచేతికే అందించా.
నలభై ఒక్క రోజులుగా
అతనికి అటు పక్కనే నిలబడుతున్నా.